రెండు స్టాపులు

ఇరవై రెండేళ్లు ఆయన కెమెరాకు టేపు పట్టినవాణ్ణి నేను.
లెన్సు ముక్కు నుంచి హీరోయిన్ కంటి దాకా
ఎన్నడుగులు, ఎన్నంగుళాలు,
అంతవరకే నా లెక్క.
వెలుతురు సంగతి హుసేనప్పకు తెలుసు.

యాడ నేర్చుకున్నావన్నా అంటే
మద్రాసు పేరెత్తేవాడు కాదు.
"ఆదోనిలో, మా నాయన దూది ఏకుతాంటే" అనేవాడు.
రేకుల కప్పుకు ఒక మేకు బొక్క.
నారి ధుమ్మని మోగినప్పుడల్లా పింజలు లేచి
ఆ బొక్కలోంచి దిగే ఎండకు తగిలేవట.
తగిలితే ఎండ ఉన్నట్టు,
తగలకుంటే లేనట్టు.
"వెలుగును ఎవరూ చూల్లేదురా కాశీం,
దానికి అడ్డం పడినోళ్లనే మనం చూసేది."

వైకుంఠానికి పొగ వేయమంటే
ఆదోని జిన్నింగు మిల్లు నుంచి
అర బస్తా దూదిధూళి తెప్పించినాడు.
విష్ణుమూర్తి మూడు టేకులు తుమ్మినాడు.
నాలుగోది ఓకే.
దయ్యం సినిమాకు ఒక్క లాంతరు చాలన్నాడు.
కామెడీకి మాత్రం ఎన్ని లైట్లైనా తెమ్మనేవాడు,
నవ్వేవాని ముఖం మీద నీడ పడితే
జనం ఆలోచిస్తారని.
వంటనూనె ప్రకటనలో పప్పు మీద గ్లిజరిన్ చల్లి
ఆ రోజు అన్నం ముట్టలేదు.
ఏ రకం సినిమా అయినా చేస్తాడని పేరు.
ఆ పేరుతోనే ఇల్లు కట్టినాడు,
తాగినప్పుడు ఆ పేరునే తిట్టేవాడు.

తర్వాత మా సీమ మీద సినిమాలు మొదలైనాయి.
సుమోలు, వేటకొడవళ్లు, నాటుబాంబులు.
డైరెక్టరు మా వైపు మనిషి కాదు.
"నేల ఎర్రగా కావాలి సార్, నెత్తురు తాగినట్టు."
మేం నిలబడింది ఆలూరు దారిలో, నల్లరేగడిలో.
కాయలు పగిలి చేనంతా పత్తి.
హుసేనప్ప పెట్టె తెరిచి
పొగాకు రంగు ఫిల్టరు తీసి లెన్సుకు తొడిగినాడు.
ఏమీ అనలేదు.
నేనూ టేపు చుట్టుకున్నాను.

వంద రోజులాడింది.
బాల్కనీ టికెట్టు కొనిచ్చినా
వాళ్లమ్మ దస్తగిరమ్మ నేలకే పోయి కూర్చుంది.
ఇంటర్వెల్లులో బయటికొచ్చి, శెనక్కాయలు వొలుస్తా
"ఇది ఏ ఊరు నాయనా?"
"మనదేమ్మా."
"మన్ను ఎర్రగుందే.
యాడి మన్నో తెచ్చి పోసినారా?"

అంతే. మళ్లీ శెనక్కాయల్లో పడింది.

మరుసటి సినిమా, అదే కంపెనీ, అదే దారి.
ఫిల్టరు పెట్టెలోంచి బయటికి రాలేదు.
మీటరు మన్ను మీదికి వంచి చూపించినాడు నాకు:
"దీనికి నలుపు తెలీదురా, చీకటనుకుంటాది.
రెండు స్టాపులు తెరువంటాది.
తెరిస్తే మన్ను బూడిదైపోతాది.
తెరవద్దు."
రషెస్ చూసి నిర్మాత అడిగినాడు
ఇందులో పగ ఏదయ్యా, అని.
మూడో దినానికి ఇంకో కెమెరామన్ దిగినాడు.
మా దగ్గర పని నేర్చినవాడే.
సిగ్గుపడతానే ఫిల్టరు అడిగినాడు.
హుసేనప్ప తుడిచి మరీ ఇచ్చినాడు.

ఆరేళ్లు సబ్బులు, సిమెంటు, పెళ్లిళ్లు.
ఆ పైన డబ్బుల్లేని పిల్లకాయలెవరో
పత్తి ఏరే ఆడోళ్ల మీద చిన్న సినిమా తీసినారు.
అందులో ఒక షాటు, తెల్లారకముందు చేను,
యాభై సెకన్లు, ఎవరూ మాట్లాడరు.
మన్ను మన్నులాగే ఉంటాది,
తడిసిన గొంగడి మాదిరి.

ఆదోనిలో మూడు రోజులు, రోజుకొక ఆట.
దస్తగిరమ్మను ఆటోలో తెచ్చి
మా ఇద్దరి నడుమ కూర్చోబెట్టినాడు.
ఆ షాటు రాకముందే
ఆమె నా భుజం మీద నిద్రపోయింది.
లేపబోతే చెయ్యి పట్టుకుని వద్దన్నాడు.
ప్రొజెక్టరు వెలుతురులో దుమ్ము లేస్తా ఉంది.
తెరను కాదు, తల తిప్పి
ఆ దుమ్మునే చూస్తా కూర్చున్నాడు,
కాసేపటికి అమ్మను.

అలవాటు కొద్దీ లెక్క కట్టినాను:
ఆయన కంటి నుంచి ఆమె ముఖానికి
రెండడుగుల మూడంగుళాలు.